తెయికో పక్కన కూర్చుని చదవండి: ‘పాయింట్ జీరో’ మిగతా సగం గురించి

మీ ప్రశ్న టూకీగా ఇదీ. జపాన్ రచయిత సెయ్‌చో మత్సుమోతో రాసిన డిటెక్టివ్ నవల ‘పాయింట్ జీరో’ సగందాకా చదివి పక్కన పెట్టేశారు. డిటెక్టివ్ అనేవాడే లేడు, తెయికో అనే కొత్తగా పెళ్ళయిన అమ్మాయి కనిపించకుండా పోయిన భర్త కోసం రైళ్ళెక్కి చలి ఊళ్ళన్నీ తిరుగుతోంది, అనుకున్నదే మళ్ళీ మళ్ళీ అనుకుంటోంది, పైగా చేసింది ఎవరో మీకు అప్పుడే తట్టేసింది. అలాంటప్పుడు జపాన్‌లో దీన్ని అంత గొప్ప నవల అని ఎందుకంటారు, మిగతాది చదవడం టైమ్ వేస్ట్ కాదా అని అడిగారు.

చదవండి, తప్పకుండా చదవండి. మీకు తట్టిన పేరు కరెక్టే అయ్యుండొచ్చు, అయినా ఏం నష్టం లేదు. ఈ నవలలో ‘ఎవరు చంపారు’ అనేది రెండో ప్రశ్న. మొదటి ప్రశ్న ‘నేను పెళ్ళి చేసుకున్న ఈ మనిషి ఎవరు’ అనేది. మీరు రెండో ప్రశ్నకి జవాబు వెతుక్కుంటూ చదివారు కాబట్టి మొదటి ప్రశ్న కోసం రాసిన పేజీలన్నీ మీకు సాగదీసినట్టు అనిపించాయి. అవే ఈ నవలకి ప్రాణం.

ముందే ఒక మాట. హంతకులు ఎవరో నేను చెప్పను, కొండ అంచున ఏం జరిగిందో కూడా చెప్పను. కానీ భర్త గతం గురించీ, హత్యల వెనక ఉన్న కారణం గురించీ మాట్లాడకుండా మీకు జవాబు ఇవ్వలేను. అది కూడా తెలుసుకోకుండా చదవాలనుకునేవాళ్ళు ఇక్కడ ఆగి, పుస్తకం పూర్తి చేశాక రండి.

మీకు చిరాకు రావడానికి మన చదివే అలవాటు కూడా ఒక కారణం అనుకుంటాను. మా తరానికి డిటెక్టివ్ నవల అంటే కొమ్మూరి సాంబశివరావు గారి యుగంధర్, అసిస్టెంట్ రాజు. కేసు యుగంధర్ దగ్గరికి వచ్చిందంటే ఇక ఆయన చూసుకుంటాడులే అన్న ధైర్యం మనకి మొదటి పేజీల్లోనే వచ్చేస్తుంది. హోమ్స్ ఉన్నా, పోయిరో ఉన్నా అదే ధైర్యం. మత్సుమోతో ఆ ధైర్యాన్ని కావాలనే తీసేశాడు. తెయికోకి నేరాల గురించి ఏమీ తెలియదు, ఎవరినీ నిలదీసి అడిగే అధికారం లేదు, ఆ ఊళ్ళో తెలిసినవాళ్ళు లేరు, చివరికి వెతుకుతున్న మనిషి గురించి కూడా పెద్దగా తెలియదు. ఒక మామూలు మనిషి ఇలాంటి పరిస్థితిలో పడితే ఏ వేగంతో నడుస్తుందో నవల కూడా అదే వేగంతో నడుస్తుంది. ఎవరో ఏదో చెబుతారు, రాత్రి హోటల్ గదిలో కూర్చుని దాని గురించి ఆలోచిస్తుంది, పొద్దున్న లేచేసరికి రాత్రి అనుకున్నది తప్పేమో అనిపిస్తుంది.

ఈ రచయిత ఎక్కడినుంచి వచ్చాడో తెలిస్తే ఇదంతా ఇంకా బాగా అర్థమవుతుంది. మత్సుమోతో 1909లో పుట్టాడు, పెరిగింది క్యూషూ దీవిలోని కొకురాలో, బాగా పేద ఇంట్లో. ప్రాథమిక పాఠశాలతోనే చదువు ఆగిపోయింది. ఆఫీసు బాయ్‌గా చేశాడు, ప్రింటింగ్ ప్రెస్సులో పని నేర్చుకున్నాడు, తర్వాత అసాహి పత్రిక కొకురా ఆఫీసులో ప్రకటనలకి బొమ్మలు వేసే పనిలో చేరాడు. రెండో ప్రపంచ యుద్ధంలో సైన్యంలోకి లాక్కెళ్ళి కొరియాలో వేశారు. కథలు రాయడం మొదలుపెట్టేసరికి వయసు నలభై దాటింది. 1953 మొదట్లో జపాన్‌లో పేరున్న సాహిత్య బహుమతి అకుతగావా వచ్చింది, అది డిటెక్టివ్ కథకి కాదు, సాహిత్య కథకి. ఇంత ఆలస్యంగా, ఇంత కింది నుంచి వచ్చిన మనిషి కాబట్టే అప్పటిదాకా జపాన్ డిటెక్టివ్ కథల్లో రాజ్యమేలిన మూసిన గదుల్లో హత్యలూ, శాపం తగిలిన జమీందారీ కుటుంబాలూ, వింత వింత ఉపాయాలూ ఆయనకి ఆనలేదు. జీతం మీద బతికే మామూలు మనుషులు ఏ ఒత్తిడికి లొంగి నేరం దాకా వెళతారో అదే ఆయనకి కావాల్సింది. తర్వాత ఈ దారిలో రాసినవాళ్ళందర్నీ కలిపి ‘సామాజిక’ డిటెక్టివ్ రచయితలు అన్నారు.

ఇంకో చిన్న విషయం, చదివేటప్పుడు గుర్తుపెట్టుకోండి. తెయికో భర్త కెనిచి ఉహారా చేసేది ప్రకటనల ఏజెన్సీ ఉద్యోగం. మత్సుమోతో ఏళ్ళ తరబడి ప్రకటనల విభాగంలో పనిచేసినవాడు. ఏ కంపెనీ యజమాని ఇంటికి ఎంత చొరవగా వెళ్ళొచ్చు, బ్రాంచి ఆఫీసు మనిషి నెలంతా ఎక్కడెక్కడ తిరిగినా హెడ్డాఫీసుకి లెక్క ఎలా ఒప్పజెబుతాడు, ఇవన్నీ ఆయన చూసి రాసినవి. ఈ ఉద్యోగం కథలో ఊరికే రాలేదు. మనిషి నెలకి ఇరవై రోజులు కనజావాలో, పది రోజులు టోక్యోలో ఉండే ఏర్పాటు ఈ ఉద్యోగం వల్లే కుదిరింది, కథ మొత్తం ఆ ఇరవై రోజుల్లోనే ఉంది.

ఇక ఆ పెళ్ళి. ఇక్కడ మాత్రం మనం జపాన్ వాళ్ళంత దగ్గరగా చదవగలం, ఇంగ్లీషువాళ్ళ కంటే బాగా చదవగలం అని నా నమ్మకం. తెయికోకి 26, కెనిచికి 36. మధ్యవర్తి తెచ్చిన సంబంధం. ఉద్యోగం మంచిది, జీతం బాగుంది, అన్నా వదినా టోక్యోలోనే ఉన్నారు, మనిషి నెమ్మదస్తుడు. మన పెళ్ళిచూపుల్లో అడిగేవీ ఇవే కదా. ఈ వివరాలన్నీ నిజమే, ఒక్కటి కూడా అబద్ధం కాదు, అయినా మనిషి గురించి ఏమీ తెలియలేదు. హనీమూన్‌కి ఎక్కడికి వెళ్దాం అంటే తెయికో హొకురికు అంది, అంటే ఆయన పనిచేసే వైపే, ఎందుకంటే భర్త సగం జీవితం గడిచే చోటు చూడాలని ఆమెకి ఉంది. ఆయన వద్దని నాగానో కొండల వైపు తీసుకెళ్ళాడు. మొదటిసారి చదివినప్పుడు ఆ పేజీ ఏదో టూరిజం సంభాషణలా దాటిపోతుంది, వెనక్కి వెళ్ళి చదివితే అసలు కథ అక్కడే మొదలైందని తెలుస్తుంది.

పెళ్ళయిన కొద్ది రోజులకే ఆయన కనజావా ఆఫీసు బాధ్యతలు తన తర్వాత వచ్చిన హోండాకి అప్పగించి వస్తానని టోక్యోలోని ఊఎనో స్టేషన్‌లో రైలెక్కి వెళ్ళాడు, తిరిగి రాలేదు. తెయికో ఆయన పుస్తకాల్లో వెతికితే రెండు ఫొటోలు దొరికాయి. రెండూ ఇళ్ళవే, మనుషులు లేరు. ఒకటి డబ్బున్నవాళ్ళ ఇల్లు, రెండోది పల్లెటూరి పేద ఇల్లు. నవల మొత్తం ఆ రెండు ఫొటోల మధ్య నడుస్తుంది. తెయికో మొదటి ఇల్లు ఎదురుగా నిలబడి గుర్తుపట్టే చోటు మీరు దాటే ఉంటారు. రెండో ఇల్లు ఎక్కడ దొరుకుతుందో, ఎప్పుడు దొరుకుతుందో జాగ్రత్తగా చూడండి.

కెనిచి అన్నగారు సొతారో కనజావా వచ్చి ఏం చేస్తాడో గుర్తుందా? బట్టలు ఉతికే షాపులన్నీ తిరుగుతాడు, తమ్ముడి సూటు ఎక్కడైనా ఉందా అని. తెయికోకి అది వింతగా అనిపిస్తుంది. మనిషి కనిపించకపోతే పోలీస్ స్టేషన్లు, ఆసుపత్రులు తిరుగుతారు గానీ డ్రై క్లీనింగ్ షాపులు తిరుగుతారా? నాకు ఈ నవల మొత్తంలో అన్నిటికంటే ఇష్టమైన ఆధారం ఇదే. తమ్ముడు రెండు ఇళ్ళ మధ్య తిరుగుతున్నాడని అన్నకి తెలుసు. టోక్యోలో వేసుకెళ్ళిన సూటు వేరు, ఆ రెండో ఇంట్లో వేసుకునే బట్టలు వేరు, మధ్యలో ఎక్కడో మార్చుకోవాలి కదా. ఒక మగవాడి రెండు జీవితాలు ఒక బట్టల షాపు కౌంటర్ దగ్గర అతుక్కుని ఉన్నాయన్నమాట. అన్నకి ఇదంతా తెలిసినా మరదలికి చెప్పడు. కుటుంబ పరువు. ఆ మౌనం ఖరీదు ఆయన ప్రాణం, కనజావాకి దగ్గర్లోని త్సురుగి అనే చిన్న ఊళ్ళో, ఒక సత్రంలో, విషం కలిపిన విస్కీతో.

ఇప్పుడు సముద్రం సంగతి. మారుమూల తీరంలో జరిగే డిటెక్టివ్ నవలలు బోలెడు ఉన్నాయి, చాలావాటిలో సముద్రం ఒక తెర మాత్రమే, హత్యకి కాస్త అందం తెచ్చి పెడుతుంది. ఇక్కడ ఆ తీరాన్ని తీసేస్తే కథ నిలబడదు. మ్యాప్‌లో చూడండి, జపాన్ పెద్ద దీవికి పడమటి వైపు మధ్యలో ఒక వేలు వంచినట్టు సముద్రంలోకి పొడుచుకొచ్చిన భాగం నోతో ద్వీపకల్పం. దాని మొదట్లో కనజావా. చలికాలంలో సైబీరియా నుంచి వచ్చే గాలి జపాన్ సముద్రం మీదుగా తేమ పోగేసుకుని ఆ ఒడ్డున మంచు కుమ్మరిస్తుంది, అదే సమయంలో కొండల అవతల టోక్యోలో పొడి ఎండ కాస్తుంది. ఒకే దేశంలో, ఒకే రోజున, రెండు వేరే ఆకాశాలు. ఆ పడమటి వైపుని అప్పట్లో ‘వెనక జపాన్’ అని కూడా అనేవాళ్ళు, అభివృద్ధి అంతా పసిఫిక్ వైపే జరిగింది కాబట్టి. తెయికో ఊఎనోలో ఎక్కిన రాత్రి రైలు కొండలు దాటేసరికి బయట అంతా తెల్లబడి ఉంటుంది, వెలుతురు కూడా మారిపోతుంది. మత్సుమోతో ఈ వాతావరణాన్ని కవిత్వం కోసం రాయలేదు. కెనిచి లాంటివాడు ఎండ ఉన్న వైపు ఒక జీవితం, మంచు కురిసే వైపు ఒక జీవితం పెట్టుకుని, ఇక్కడివాళ్ళెవరూ అక్కడికి రారు, అక్కడివాళ్ళెవరూ ఇక్కడికి రారు అని ధైర్యంగా ఉండగలిగిన దూరం అది.

కనజావా గురించి ఇంకొకటి. మాయెదా ప్రభువుల కోట పట్నం అది, టోకుగావా షోగున్‌లు దేశాన్ని ఏలిన కాలంలో వాళ్ళంత సంపన్నులైన సామంతులు ఇంకెవరూ లేరు. యుద్ధంలో ఆ ఊరి మీద బాంబులు పడలేదు. టోక్యో కాలి బూడిదై మళ్ళీ మొదలైన ఊరు, అక్కడ ఎవరి వెనక ఏముందో అడిగే తీరిక ఎవరికీ లేదు. కనజావా అలా కాదు, పాత ఇళ్ళు అలాగే ఉన్నాయి, పాత మర్యాదలు అలాగే ఉన్నాయి, ఎవరి కుటుంబం ఏమిటో అందరికీ తెలుసు. అలాంటి ఊళ్ళో బయట నుంచి వచ్చిన మనిషి ఒక గౌరవం సంపాదించుకుంటే దాన్ని కాపాడుకోవడానికి ఎంత దూరమైనా వెళ్ళాల్సి వస్తుంది. నేను చదివినంతలో, కథని ఇంకే మంచు ఊళ్ళోనో కాక కనజావాలో పెట్టడానికి ఇదే కారణం అనిపిస్తుంది.

ఇక్కడి నుంచి గతం గురించి.

కెనిచి ప్రకటనల ఉద్యోగానికి ముందు తాచికావాలో పోలీసు, నీతి నియమాల విభాగంలో. తాచికావా టోక్యోకి పడమరగా ఉన్న ఊరు, అక్కడ జపాన్ సైన్యం విమానాశ్రయం ఉండేది, ఓడిపోయాక అది అమెరికన్ ఎయిర్ బేస్ అయింది. ఆ బేస్ చుట్టూ వేల కడుపులు ఆధారపడ్డాయి. వాటిల్లో సైనికుల దగ్గర ఒళ్ళు అమ్ముకుని బతికిన ఆడపిల్లలు కూడా ఉన్నారు, ‘పాన్‌పాన్’లని పిలిచేవాళ్ళు. ఈ మాట పలకడంలో ఎంత చులకన ఉందో నవల చదువుతుంటే తెలుస్తుంది. కానీ దీని ముందు జరిగింది తెలుసుకోవాలి. 1945 ఆగస్టులో, లొంగిపోయిన కొద్ది రోజులకే, జపాన్ ప్రభుత్వమే పూనుకుని అమెరికన్ సైనికుల కోసం వేశ్యాగృహాలు ఏర్పాటు చేయించింది, మిగతా ఆడవాళ్ళని కాపాడటానికి అనే సాకుతో. 1946లో వాటిని మూసేశారు. అందులో ఉన్నవాళ్ళు రోడ్డున పడ్డారు, ఆకలితో ఉన్న ఇంకెందరో వాళ్ళతో కలిశారు, తర్వాత అదే ప్రభుత్వం పోలీసులు వాళ్ళని వ్యాన్లలో ఎక్కించుకుని పోయేవాళ్ళు. కెనిచి ఉద్యోగం అదే.

1952లో అమెరికన్ సైన్యాల ఆక్రమణ ముగిసింది. 1956లో ప్రభుత్వ ఆర్థిక నివేదిక ఇక మనం యుద్ధానంతర కాలంలో లేము అని ప్రకటించింది, ఆ వాక్యం దేశమంతా మారుమోగింది. అదే ఏడాది వ్యభిచార నిరోధక చట్టం వచ్చింది, శిక్షల నిబంధనలు 1958 ఏప్రిల్‌లో అమలయ్యాయి. ఈ నవల సీరియల్‌గా మొదలైంది 1958లోనే. ఆ ఏడాది జపాన్‌లో పత్రికలు తెరిచినవాళ్ళకి ఒకదాన్లో ఈ చట్టం వార్త, ఇంకోదాన్లో ఈ కథ. దేశం మొత్తం ఇక ఆ రోజులు అయిపోయాయి, ఫ్రిజ్‌లు, టీవీలు కొనుక్కుందాం అనుకుంటున్నప్పుడు, ఆ రోజుల్లో ఇరవై ఏళ్ళ వయసున్న ఆడవాళ్ళు ఇప్పుడు ముప్ఫై దాటి ఎక్కడ ఉన్నారు, ఎలా ఉన్నారు, ఎవరి ఇంట్లో గృహిణులుగా ఉన్నారు అని ఒకాయన అడిగాడు. పాఠకుల్లో చాలామందికి గుండె ఆగి ఉంటుంది.

తెయికోకి అసలు విషయం తట్టేది కూడా ఇలాగే. కొత్త సంవత్సరం రోజుల్లో టీవీలో ఒక చర్చ వస్తుంది, యుద్ధం ముగిసిన కొత్తలో ఆడవాళ్ళ బతుకుల గురించి. అది చూస్తూ కూర్చున్న తెయికోకి లోపల ఏదో కలుస్తుంది. మీలాంటి చాలామంది పాఠకులు ఇక్కడే గొణుగుతారు, ఇదేం ఆధారం, టీవీ చూస్తే కేసు తేలిపోతుందా అని. నేను ఆ గొణుగుడిని ఒప్పుకోను. వేలిముద్రలూ, సిగరెట్ పీకలూ ఉన్న కేసు కాదిది. ఒక మనిషి ఎందుకు చంపుతారో అర్థమైతేనే ఎవరు చంపారో తెలిసే కేసు. ఆ ‘ఎందుకు’ ఒక ఇంట్లో దొరకదు, దేశం చరిత్రలో దొరుకుతుంది, ఆ చరిత్ర తెయికో దగ్గరికి టీవీ ద్వారా కాకపోతే ఇంకెలా వస్తుంది?

హంతకుల పట్ల మత్సుమోతో చూపించే మర్యాద కూడా గమనించండి. మంచి మనసున్న మనిషి, నలుగురికీ ఉపయోగపడే మనిషి, తన కష్టంతో ఒక జీవితం కట్టుకున్న మనిషి. చేసిన పని మాత్రం ఘోరం. రెండిటినీ ఒకేసారి మన చేతుల్లో పెడతాడు. కెనిచి కూడా ఆ మనిషిని బెదిరించడానికి వెళ్ళలేదు, డబ్బులు అడగలేదు. పాత పోలీసు ఎదురుపడితే చాలు, అంతే. ఏ చెడ్డ ఉద్దేశమూ లేని మనిషి కూడా కేవలం గుర్తుపట్టడం వల్ల ప్రమాదం కావడం అనే ఈ ఆలోచన నాకు చాలా కాలం బుర్రలో తిరిగింది.

మీ ఫిర్యాదులో నిజం లేదని మాత్రం అనను. అనుకున్నదే అనుకోవడం ఉంది, చాలా ఉంది. దానికి కారణం సీరియల్. మొదట ‘తాయియో’ అనే పత్రికలో మొదలైంది, అది ఆగిపోతే ‘హోసెకి’ అనే డిటెక్టివ్ పత్రికలోకి మారింది. అప్పుడు దాని సంపాదకత్వం చూస్తున్నది జపాన్ డిటెక్టివ్ కథకి పెద్దదిక్కు లాంటి ఎదోగావా రంపో. నెలకో భాగం. పోయిన నెల చదివింది మర్చిపోయినవాళ్ళ కోసం తెయికో మళ్ళీ మొదటి నుంచి లెక్క వేసుకుంటుంది. మన వారపత్రికల సీరియల్ నవలలు పుస్తకంగా చదివినప్పుడు ఇదే ఇబ్బంది మనకీ తెలుసు. పైగా ఆ ఏళ్ళలో మత్సుమోతో ఒకేసారి ఎన్నో సీరియల్స్ రాసేవాడు, చెయ్యి పట్టేసి చివరికి స్టెనోగ్రాఫర్‌కి చెప్పి రాయించుకునే స్థితి వచ్చింది. 1959 డిసెంబరులో పుస్తకం అయ్యేటప్పుడు ఈ పునరుక్తులు కొన్ని తీసేసి ఉంటే బాగుండేది, ముఖ్యంగా మూడో వంతులో. ఆ పేజీలు వేగంగా తిప్పేయండి, నష్టం లేదు. ఒక్క షరతు, ఎవరైనా రైలెక్కితే మాత్రం నెమ్మదిగా చదవండి.

అలాగే అందరూ విషం కలిపిన విస్కీకి అంత తేలిగ్గా పడిపోవడం నాకు ఎప్పుడూ నచ్చలేదు. హోండా లాంటి జాగ్రత్తపరుడు కూడానా? మత్సుమోతోకి హత్య చేసే పద్ధతి మీద ఆసక్తి లేదు, అది కనిపిస్తుంది.

కానీ కొండ అంచు విషయంలో అలా కాదు. అక్కడ ఉన్న ఉపాయం నేను ఈ రకం నవలల్లో చూసిన మంచి ఉపాయాల్లో ఒకటి, ఎందుకంటే అందులో హంతకులు చేసింది చాలా తక్కువ, మిగతాదంతా చనిపోయిన మనిషే స్వయంగా ఏర్పాటు చేసుకున్నాడు. పోలీసులకి అనుమానం రాకపోవడం మీకు ఇప్పుడు వాళ్ళ చేతకానితనంలా అనిపిస్తుంటే ఆగండి, తప్పు వాళ్ళది కాదు. కథ మొదట్లోనే తెయికో నోతో తీరానికి ఒక గుర్తు తెలియని శవాన్ని చూడటానికి వెళుతుంది కదా, అది భర్త కాదని తేలి ఊపిరి పీల్చుకుంటుంది. ఆ ప్రయాణం దండగ అనుకుని మీరు దాటేసి ఉంటే వెనక్కి వెళ్ళి మళ్ళీ చదవండి. ఆమె ఆ రోజు అక్కడ నిలబడి ఏం చూసిందో చివర్లో మీకు కావాలి.

ఎలా చదవాలి అంటే, ఫోన్‌లో మ్యాప్ తెరిచి పెట్టుకోండి. టోక్యో ఊఎనో, కనజావా, దానికి దక్షిణంగా త్సురుగి, ఉత్తరంగా హకుయి, అక్కడి నుంచి తీరం వెంట తకహామా. ఇవన్నీ నిజమైన ఊళ్ళు, మత్సుమోతో రైల్వే టైమ్‌టేబుల్ ప్రేమికుడు, ఊరికే పేర్లు పెట్టడు. హకుయి నుంచి తకహామా వైపు తెయికో ఎక్కే చిన్న రైలు లైను 1972లో మూసేశారు. ఆమె ఒక రాత్రంతా కూర్చుని చేసిన టోక్యో-కనజావా ప్రయాణం 2015లో షిన్‌కాన్‌సెన్ (బుల్లెట్ రైలు) వచ్చాక రెండున్నర గంటల పని. ఈ తేడా తెలిసి చదివితే, భర్త ఇరవై రోజులు కనిపించని దూరంలో ఎలా ఉండగలిగాడో ఒంటికి తెలుస్తుంది. ప్రతి అధ్యాయం దగ్గర ‘ఈ పూటకి తెయికోకి భర్త గురించి ఏం తెలుసు’ అని మాత్రమే అడుగుతూ వెళ్ళండి, హంతకుల సంగతి పక్కన పెట్టండి.

ఇంకో ప్రశ్న అడగలేదు గానీ అడుగుతారని తెలుసు, సినిమా చూస్తే సరిపోదా అని. యోషితారో నోమురా 1961లో తీసిన నలుపు తెలుపు సినిమా చాలా మంచిది, స్క్రీన్‌ప్లే షినోబు హషిమోతో, యోజి యమదా కలిసి రాశారు. కానీ పుస్తకం తర్వాతే చూడండి. ఆ సినిమా అసలు సంగతినంతా కొండ అంచుకి తీసుకెళ్ళి అక్కడ మాట్లాడించింది, నవల ముగింపు అలా ఉండదు, చాలా తక్కువ మాటలతో ఉంటుంది. తర్వాత జపాన్ టీవీ సస్పెన్స్ నాటకాల్లో నేరస్థులు సముద్రం పక్క కొండ మీద నిలబడి నేరం ఒప్పుకోవడం ఒక ఆనవాయితీ అయిపోవడానికి ఈ సినిమానే కారణమని చెబుతారు. 2009లో ఇస్షిన్ ఇనుదో మళ్ళీ తీశాడు, అందులో ఒక మహిళ మేయర్ ఎన్నికల్లో నిలబడే కథ కలిపారు, రంగుల్లో బాగుంటుంది, నటన బాగుంది, నాకు మొదటిదే ఇష్టం.

సినిమా తీసిన యాసే కొండ అంచు షికా పట్టణం పరిధిలో ఉంది. నవలా సినిమా పేరు తెచ్చాక అక్కడికి చనిపోవడానికి వచ్చేవాళ్ళు మొదలయ్యారు, మత్సుమోతోని అది చాలా బాధపెట్టింది. ఆ తీరంలోనే ఆయన పద్యం చెక్కిన రాయి ఒకటి ఉంది. 2007 మార్చి భూకంపంలో ఆ కొండ కొస విరిగి పడిపోయింది. 2024 జనవరి 1న వచ్చిన భూకంపం నోతో మొత్తాన్నీ కుదిపేసింది, షికాలో అత్యధిక తీవ్రత నమోదైంది, ఊళ్ళకి ఊళ్ళు దెబ్బతిన్నాయి. లూయిస్ హీల్ కవాయ్ చేసిన ఇంగ్లీషు అనువాదం, అంటే బహుశా మీ చేతిలో ఉన్నది, అదే ఏడాది వచ్చింది. కాబట్టి మీరు మ్యాప్‌లో చూసే ఊళ్ళు ఇప్పుడు కోలుకుంటున్న ఊళ్ళు.

ఇది పూర్తయ్యాక మత్సుమోతోదే ఇంకోటి చదవాలనిపిస్తే ‘టోక్యో ఎక్స్‌ప్రెస్’ కంటే ముందు ‘ఇన్‌స్పెక్టర్ ఇమానిషి ఇన్వెస్టిగేట్స్’ తీసుకోండి. మొదటిది రైలు టైమ్‌టేబుల్ పజిల్, చిన్నది, చురుకైనది, రెండు గంటల్లో అయిపోతుంది. ‘ఇమానిషి’లో మళ్ళీ ఇదే సమస్య, గతాన్ని నరికేసుకుని పైకి వచ్చిన మనిషి. అక్కడ డిటెక్టివ్ ఉన్నాడు కాబట్టి మీకు కాస్త ఊరట. కేసులో మొదటి ఆధారం ఒక యాస, చనిపోయిన మనిషి ఎవరితోనో మాట్లాడిన యాస, దాన్ని పట్టుకుని పోలీసులు వెళ్ళే దిక్కే తప్పు. శ్రీకాకుళం యాసకీ, చిత్తూరు యాసకీ తేడా చెవితో పట్టే మనవాళ్ళకి ఆ నవల ఇంకా బాగా నచ్చుతుంది.